మొరాయించే ప్లగిన్లు, మౌనంగా చెడగొట్టే ప్లగిన్లు

ఒకప్పుడు పాట రికార్డు కావాలంటే ఆకాశవాణి మెట్లెక్కాలి, లేదా మద్రాసు వెళ్ళి స్టూడియో అద్దెకు తీసుకోవాలి. ఇప్పుడు ఒక ల్యాప్‌టాప్, ఒక ఆడియో ఇంటర్‌ఫేస్, ఒక మైకు, ఒక జత హెడ్‌ఫోన్లు ఉంటే చాలు. మస్కట్ నగరంలో నేనుండే అల్ ఖువైర్‌లో రెండు పడకగదుల ఫ్లాటులో కూడా ఆ పని జరిగిపోతుంది. డాలస్‌లోనూ సింగపూర్‌లోనూ తెలుగువాళ్ళ ఇళ్ళల్లో జరుగుతున్నదీ ఇదే. పిల్లల వర్ణాలు, ఉగాది కార్యక్రమానికి వెనక వాద్యం, నాలుగు నెలల వీసా మీద ఊరి నుంచి వచ్చిన అమ్మమ్మ నోట మాత్రమే మిగిలిన మంగళహారతులు ఇలా రికార్డవుతున్నాయి. అయితే స్టూడియోలో అద్దం వెనక కూర్చునే ఇంజనీరు మన ఇంట్లో ఉండడు. ఆయన చేసే పనిలో చాలా భాగాన్ని ప్లగిన్లు అనే చిన్న ప్రోగ్రాములకు అప్పగించాం. గొంతుకు గుడి మంటపపు ప్రతిధ్వని చేర్చేది ఒకటి, ఏసీ రొదను తొలగించేది ఒకటి, తంబురాను మోగించేది ఒకటి, శ్రుతి సరిచేసేది మరొకటి.

ప్లగిన్ అన్నదానికి వాడుకలో తెలుగు మాట లేదు. ‘ఉపాంగం’ అనవచ్చు. వినడానికి బాగానే ఉంటుంది గాని సాఫ్ట్‌వేర్ మెనూలో దాన్ని వెతుక్కునేవారికి పనికిరాదు. అందుచేత ప్లగిన్ అనే అంటాను. దానికి ఆశ్రయమిచ్చే రికార్డింగు సాఫ్ట్‌వేర్‌ను, అది క్యూబేస్ అయినా లాజిక్ అయినా ప్రో టూల్స్, రీపర్, ఆడాసిటీలలో ఏదైనా, ఆతిథేయి అంటాను. ఈ అతిథికీ ఆతిథేయికీ మధ్య వచ్చే పేచీలే ఈ వ్యాసవిషయం.

నేను వైద్యుణ్ణి, సౌండు ఇంజనీరును కాను. అయితే చెడినదాని ముందు కూర్చుని ఏది చెడిందో తేల్చే పద్ధతి రెండు వృత్తులలోనూ ఒకటే. ఆయుర్వేదం దానికి నిదానమని పేరు పెట్టింది. వాడుక తెలుగులో ఆ మాటకే తొందరపడకపోవడం అన్న అర్థం కూడా ఉండడం మన అదృష్టం.

ప్లగిన్ జబ్బులు స్థూలంగా రెండు రకాలు. మొదటి రకంలో ప్లగిన్ మొరాయిస్తుంది: జాబితాలో కనబడదు, చిటపటలాడుతుంది, ఆతిథేయిని కూల్చేస్తుంది. మనిషికి కోపం వస్తుంది, సమస్య ఉందని తెలుస్తుంది, ఎలాగో పరిష్కరించుకుంటాడు. రెండో రకంలో అంతా సవ్యంగానే నడుస్తుంది. తెర మీద ఏ హెచ్చరికా రాదు. పాట మాత్రం మారిపోయి ఉంటుంది. మనం కాలమంతా మొదటి రకం మీద ఖర్చు పెడతాం. రెండో రకమే ఎక్కువ ప్రమాదకరమని నా అభిప్రాయం. పాడినవారు వెళ్ళిపోయాక గాని అది బయటపడదు.

లోపల జరిగేది

ధ్వని కంప్యూటరులోకి వచ్చేసరికి అంకెల వరుస అవుతుంది. సీడీ ప్రమాణంలో సెకనుకు 44,100 అంకెలు, వీడియోల ప్రమాణంలో 48,000. ఒక్కొక్క అంకెను శాంపిల్ అంటారు. ఆతిథేయి ఈ శాంపిళ్ళను 128, 256, 512 చొప్పున గుత్తులు కట్టి ట్రాకులోని మొదటి ప్లగిన్‌కు అందిస్తుంది. అది తన లెక్క చేసి తిరిగి ఇస్తుంది. ఆతిథేయి ఆ ఫలితాన్ని రెండోదానికి ఇస్తుంది, అక్కడి నుంచి మూడోదానికి. ఆ గుత్తి పరిమాణాన్నే బఫర్ అంటారు. 48,000 వేగంలో 128 శాంపిళ్ళ బఫర్ అంటే 2.67 మిల్లీసెకన్లు. ఆ గడువులోగా అన్ని ట్రాకుల్లోని అన్ని ప్లగిన్లూ పని ముగించాలి, ముగించి మళ్ళీ మొదలుపెట్టాలి. ఇలా సెకనుకు 375 సార్లు.

ఈ ఏర్పాటును జనంలోకి తెచ్చింది జర్మనీకి చెందిన స్టైన్‌బర్గ్ సంస్థ. 1996లో క్యూబేస్‌తో పాటు వీఎస్‌టీ అనే ప్రమాణాన్ని ప్రవేశపెట్టి, ఇతరులు కూడా ప్లగిన్లు రాసుకునే వీలు కల్పించింది. 1999లో దాని రెండో రూపం, 2008లో మూడో రూపం వచ్చాయి. ఆపిల్ తన మ్యాక్ కోసం ఆడియో యూనిట్స్ అనే ప్రమాణం పెట్టుకుంది. ప్రో టూల్స్ తయారీదారు ఆవిడ్‌కు ఏఏఎక్స్ ఉంది. 2013లో వచ్చిన ప్రో టూల్స్ 11 నుంచి ఆ ఆతిథేయిలో అది తప్ప మరొకటి చెల్లదు. 2022లో బిట్‌విగ్, యూ-హీ సంస్థలు కలిసి క్లాప్ అనే స్వేచ్ఛా ప్రమాణాన్ని తెచ్చాయి. ఒకే ప్లగిన్ ఈ నాలుగు వేషాలలో ఏ వేషంలోనైనా రావచ్చు.

ఈ ఏర్పాటులోనే జబ్బుల మూలాలు ఉన్నాయి. మామూలుగా ప్లగిన్ ఆతిథేయి ఇంట్లోనే, అంటే దాని జ్ఞాపకశక్తిలోనే నివసిస్తుంది కనుక అతిథి పడిపోతే ఇల్లే కూలుతుంది. ప్రతి గుత్తికీ గడువుంది కనుక ఒక్క ప్లగిన్ జాగు చేసినా అందరి ధ్వనీ తెగుతుంది. ఇక చాలామంది గమనించని సంగతి: మనం ప్రాజెక్టును సేవ్ చేసినప్పుడు ప్లగిన్ అందులోకి చేరదు. దాని పేరూ మనం తిప్పిన మీటల స్థానాలూ మాత్రమే చేరతాయి. మందుల చీటీలో మందు ఉండదు గదా, అలాగే. ఈ చివరి విషయానికి మళ్ళీ వస్తాను.

కనబడని ప్లగిన్

ఇన్‌స్టాల్ చేశాం, జాబితాలో లేదు. అన్నిటికన్నా తరచుగా వినిపించే ఫిర్యాదు ఇదే, అన్నిటికన్నా సులభమైనదీ ఇదే. ముందు చూడవలసింది వేషం సరిపోయిందా అని. లాజిక్ ఆడియో యూనిట్స్‌ను తప్ప మరో వేషాన్ని గుమ్మం దాటనివ్వదు. వీఎస్‌టీ మాత్రమే ఇన్‌స్టాల్ చేసుకుని లాజిక్‌లో వెతికితే అది ఎన్నటికీ దొరకదు. స్టైన్‌బర్గ్ కూడా తన పాత వీఎస్‌టీ2 ప్రమాణాన్ని క్రమంగా వదిలించుకుంటోంది. 2018 అక్టోబరు తరువాత కొత్తవారికి దాని అనుమతులు ఇవ్వడం మానేసింది. తన ఆతిథేయులలో కూడా దానికి చోటు తీసేస్తానని 2022 జనవరిలో ప్రకటించింది.

తరువాత చూడవలసింది తరం. 2019లో వచ్చిన మ్యాక్ కాటలీనా 32 బిట్ ప్రోగ్రాములను పూర్తిగా నిలిపివేసింది. 2020 నవంబరులో ఆపిల్ సొంత ప్రాసెసరైన ఎం1 వచ్చింది. ప్లగిన్ పాత ఇంటెల్ ప్రాసెసరు కోసం రాసినది, ఆతిథేయి కొత్తదాని కోసం రాసినది అయితే చాలాచోట్ల ఒకరి భాష ఒకరికి తెలియదు. ఆతిథేయినే రోసెట్టా అనే దుబాసీ కింద తెరిస్తే కనబడవచ్చు. ఇది తాత్కాలిక ఉపశమనమే, చికిత్స కాదు.

విండోస్‌లో స్థలం కూడా ముఖ్యం. వీఎస్‌టీ3 ప్లగిన్లకు సి డ్రైవులోని ప్రోగ్రామ్ ఫైల్స్‌లో, కామన్ ఫైల్స్ కింద, తమ పేరుతోనే ఒక నిర్ణీత ఫోల్డరు ఉంది. పాత వీఎస్‌టీ2కు అలాంటి స్థిరనివాసం లేదు. ఒక్కో సంస్థ ఒక్కో చోట పెట్టేది. ఆ చోటేదో ఆతిథేయికి మనమే చెప్పాలి.

ఇవన్నీ సరిగానే ఉండి ఇంకా కనబడకపోతే కారణం సాధారణంగా ఆతిథేయి జ్ఞాపకంలో ఉంటుంది. కొత్త ప్లగిన్‌ను అది మొదటిసారి పరీక్షించినప్పుడు ఏదో లోపం వచ్చి ఉంటే, ఆ పేరును నిషిద్ధుల జాబితాలో రాసుకుని మళ్ళీ దాని ముఖం చూడదు. మీరు ప్లగిన్‌ను పదిసార్లు తీసేసి పెట్టినా ఆ జాబితా చెరగదు. మందు మార్చకుండా మోతాదు మార్చినట్టే. ఆతిథేయి ప్లగిన్ మేనేజరులోకి వెళ్ళి ఆ పేరును ఎంచుకుని మళ్ళీ పరీక్షించమని ఆదేశించాలి. ఒక సాయంత్రమంతా పోగొట్టుకునేవారిలో ఎక్కువమందికి కావలసింది ఈ ఒక్క మీటే.

కనబడింది గాని మోగడం లేదు అంటే దారి వేరు. లైసెన్సు చెల్లుతోందా, ఆ ప్లగిన్‌కు సంబంధించిన ధ్వనుల భాండారం ఇంకా అదే డిస్కులో ఉందా అన్నవి చూడాలి. వీణ, నాదస్వరం, మృదంగం వంటి వాద్యాల ప్లగిన్లు అసలు వాద్యాన్ని స్వరం స్వరంగా రికార్డు చేసిన వేల ఫైళ్ళ మీద ఆధారపడతాయి. ఆ ఫైళ్ళను బయటి డిస్కులో పెట్టుకుని, దాన్ని మరో యూఎస్‌బీ రంధ్రంలో గుచ్చినప్పుడు విండోస్ దానికి వేరే అక్షరం ఇస్తే, వాద్యం పేరు మిగిలి నాదం మాయమవుతుంది.

చిటపటలు

నూనెలో ఆవాలు వేసినట్టు పాటలో చిటపటలు వినబడితే ముందుగా అడగవలసిన ప్రశ్న: ఎప్పటి నుంచి? మొదటి నిమిషం నుంచేనా, ఇరవై నిమిషాల తరువాతా?

మా ఊళ్ళో ఈ ప్రశ్నకు ప్రత్యేకమైన విలువ ఉంది. మే, జూన్ నెలల్లో మస్కట్‌లో మధ్యాహ్నం వేడి 40 డిగ్రీలు దాటడం మామూలే. ఏసీ నడుస్తుంటే మైకు దాని రొదను పట్టుకుంటుంది, కనుక పాడేముందు ఆపేస్తాం. గది వేడెక్కుతుంది, ల్యాప్‌టాప్ వేడెక్కుతుంది. ఒక హద్దు దాటాక ప్రాసెసరు తనను తాను కాపాడుకోవడానికి వేగం తగ్గించుకుంటుంది. 2.67 మిల్లీసెకన్లలో అయ్యే పని ఇక అందులో కాదు. గుత్తి ఆలస్యమవుతుంది, ధ్వని తెగుతుంది, చిటపట వినబడుతుంది. మనం మాత్రం నిన్న కొన్న రివెర్బు ప్లగిన్‌ను తిడతాం. శీతాకాలంలో అదే ప్రాజెక్టు అదే కంప్యూటరులో నిక్షేపంగా నడుస్తుంది. జ్వరం ఇంట్లోది, నేరం అతిథిది!

ప్రాసెసరు వాడకం ముప్పై శాతమే చూపిస్తోంది గదా అని కొందరు వాదిస్తారు. అది సగటు. గుండె లయ తప్పే రోగికి ఇరవై నాలుగు గంటల సగటు నాడి నిమిషానికి 72 ఉన్నంత మాత్రాన నిశ్చింతగా ఉండలేం. తప్పిపోయిన ఒక్క స్పందనే ముఖ్యం. ధ్వని విషయంలోనూ అంతే. వెయ్యి గుత్తుల్లో 999 సమయానికి అందినా ఆ ఒక్కటి చెవికి వినబడుతుంది.

పరీక్ష తేలిక. బఫర్‌ను 128 నుంచి 512కు పెంచండి. మరేదీ మార్చకండి. చిటపటలు పోతే సమస్య గడువుది. పోకపోతే ప్లగిన్‌ను వదిలి వైరు, యూఎస్‌బీ హబ్బు, రెండు పరికరాల గడియారాలు చూడాలి. యూఎస్‌బీ మైకు ఒక గడియారంతోనూ హెడ్‌ఫోన్ల ఇంటర్‌ఫేస్ మరో గడియారంతోనూ నడుస్తుంటే ఆ రెండూ కొద్దికొద్దిగా ఎడమై, క్రమమైన వ్యవధిలో ఒక టక్కు వినబడుతుంది. క్రమం తప్పని టక్కు గడియారానిది, క్రమం లేని చిటపట గడువుది. ఈ గుర్తు చాలాసార్లు పనిచేస్తుంది.

ఒక వింత జబ్బు కూడా ఉంది. పాట ఆగిపోయాక, అంతా నిశ్శబ్దమయ్యాక ప్రాసెసరు భారం పెరుగుతుంది! ప్రతిధ్వని తగ్గుతూ తగ్గుతూ సున్నాకు అతి చేరువైనప్పుడు, దశాంశ బిందువు తరువాత 37 సున్నాలు దాటాక, కొన్ని ప్రాసెసర్లు ఆ సూక్ష్మసంఖ్యలను మామూలు దారిలో కాక ఎంతో నెమ్మదైన దారిలో లెక్కిస్తాయి. చెవికి నిశ్శబ్దం, ప్రాసెసరుకు ఎత్తలేని బరువు. ఇప్పటి ప్లగిన్లు చాలావరకు వాటిని సున్నాగా కొట్టేస్తాయి. పాత ఉచిత ప్లగిన్లలో ఈ జబ్బు ఇప్పటికీ తగులుతుంది.

కూలిపోయే ఆతిథేయి

ప్రాజెక్టు తెరవగానే సాఫ్ట్‌వేర్ మాయమైతే, ప్లగిన్లలో ఎవరో ఒకరు దోషి. పదహారు ఉన్నాయనుకుందాం. ఒక్కొక్కటే తీసి చూస్తే పదహారు ప్రయత్నాలు పట్టవచ్చు. ఎనిమిదింటిని నిలిపేసి తెరిస్తే దోషి ఏ సగంలో ఉన్నాడో తెలుస్తుంది. ఆ సగాన్ని మళ్ళీ సగం చేస్తే నాలుగు ప్రయత్నాల్లో తేలిపోతుంది. ప్లగిన్లు పనిచేయని స్థితిలో ప్రాజెక్టును తెరిచే మార్గం చాలా ఆతిథేయులలో ఉంది. రీపర్, బిట్‌విగ్ అయితే అనుమానమున్న ప్లగిన్‌ను వేరే గదిలో, అంటే వేరే ప్రాసెస్‌లో నడపగలవు. అది కూలినా ఇల్లు నిలుస్తుంది. అంటువ్యాధి వార్డులా అన్నమాట.

సగం చేసే పద్ధతికి ఒక మినహాయింపు ఉంది. ఒక్కో ప్లగిన్ విడిగా మంచిదే అయి, రెండు కలిసినప్పుడు మాత్రమే కూలితే ఈ లెక్క తప్పుదారి పట్టిస్తుంది. రెండు మందులు విడివిడిగా మేలు చేసి, కలిపి ఇస్తే కీడు చేయడం మాకు రోజూ ఎదురయ్యేదే. రెండు సగాలూ విడిగా బాగానే తెరుచుకుంటే అప్పుడు జంటలను అనుమానించాలి.

ఏ పరీక్షకైనా ఒకే షరతు: ఒకసారికి ఒకే మార్పు, చేసిన ప్రతి మార్పునూ కాగితం మీద రాసుకోవడం. డ్రైవరు, ఆతిథేయి, ప్లగిన్ మూడింటినీ ఒకేసారి అప్‌డేట్ చేసినవాడికి సమస్య పోయినా ఏ మందు పనిచేసిందో తెలియదు. వచ్చే నెల అదే జబ్బు తిరగబెడితే మళ్ళీ మొదటికే.

మౌనంగా చెడగొట్టేవి

ఇక రెండో రకానికి వద్దాం. ఇక్కడ తెర మీద ఏమీ కనబడదు, చెవే సాక్షి.

శాంపిల్ రేటుతో మొదలుపెడదాం. 44,100 వేగంలో రికార్డయిన పాటను 48,000 ప్రాజెక్టులో మార్పిడి లేకుండా వాయిస్తే, అది ఆ నిష్పత్తిలో వేగంగానూ హెచ్చు శ్రుతిలోనూ నడుస్తుంది. తేడా సుమారు ఒకటిన్నర అర్ధస్వరాలు. ఒకటి శ్రుతిలో పాడిన ఆవిడ ఒకటిన్నరకూ రెండుకూ మధ్య, ఏ హార్మోనియం మెట్టుకూ అందని చోట పాడుతున్నట్టు వినబడుతుంది. అయిదు నిమిషాల పాట 4 నిమిషాల 36 సెకన్లలో ముగుస్తుంది. చాలా ఆతిథేయులు దిగుమతి సమయంలో మార్చమంటారా అని అడుగుతాయి. తొందరలో వద్దని నొక్కినవారికి ఇది సంభవిస్తుంది. ఆ స్వరాన్ని ముందెప్పుడూ వినని మనవలకు తేడా తెలియదు, ‘తాతమ్మ గొంతు సన్నం’ అనుకుంటారు. పాట శ్రుతి తంబురాతో కలవకుండా ఇలా మెట్ల మధ్య పడితే ప్లగిన్‌ను అనుమానించేముందు నిడివిని కొలవండి. నిడివి కూడా అదే నిష్పత్తిలో తగ్గి ఉంటే కారణం శాంపిల్ రేటే.

తరువాతది ఆలస్యం. కొన్ని ప్లగిన్లు ముందుచూపుతో పనిచేస్తాయి, రాబోయే ధ్వనిని కొంత చూసి గాని ప్రస్తుతాన్ని బయటికి వదలవు. లీనియర్ ఫేజ్ ఈక్వలైజర్లు ఇందుకు మంచి ఉదాహరణ. అలాంటిది ఒకటి 4,096 శాంపిళ్ళు ఆగితే 48,000 వేగంలో అది 85 మిల్లీసెకన్లు. వింటున్నప్పుడు ఆతిథేయి మిగతా ట్రాకులన్నిటినీ అంతే వెనక్కి జరిపి సర్దుతుంది, ఏ ఇబ్బందీ ఉండదు. ప్రత్యక్షంగా పాడేవారిని మాత్రం అది సర్దలేదు. నిమిషానికి 90 దెబ్బల తాళంలో ఒక్కో దెబ్బకు ఎనిమిది అక్షరాలు వేస్తే ఒక్కో అక్షరం సుమారు 83 మిల్లీసెకన్లు. అంటే మృదంగం వాయించే కుర్రవాడికి హెడ్‌ఫోన్లలో తన దెబ్బ ఒక అక్షరం ఆలస్యంగా చేరుతుంది. వాడికి తాళజ్ఞానం లేదని ఇంట్లో అందరూ తేల్చేస్తారు. రికార్డు చేసే సమయంలో ఇలాంటి ప్లగిన్లన్నిటినీ నిలిపేసి, బఫర్‌ను 128కి దించి, పాడడం అయ్యాక మళ్ళీ తగిలించుకోవడమే మార్గం. బఫర్ ఒక్కటే 1,024 ఉన్నా 21 మిల్లీసెకన్లు, గాలిలో ధ్వని ఏడు మీటర్లు నడిచే కాలం. పక్కవాద్యం ఏడు మీటర్ల దూరంలో కూర్చున్నట్టు.

మూడోది రొద తొలగించే ప్లగిన్. ఏసీ ఆపలేక నడిపినవారు దీన్ని ఆశ్రయిస్తారు. రొద అంటే అన్ని పౌనఃపున్యాలలోనూ పరుచుకున్న హోరు. మన భాషలో ఆ హోరును పోలిన ధ్వనులు కొన్ని ఉన్నాయి: శ, ష, స, హ, మహాప్రాణాల వెనక వచ్చే ఊపిరి. మోతాదు మించితే ప్లగిన్ ఆ ఊపిరిని కూడా ఏసీ గాలే అనుకుంటుంది. ‘భక్తి’ ‘బక్తి’ అవుతుంది, ‘ధర’ ‘దర’ అవుతుంది. ఇంగ్లీషు మాటల మీద చూసుకుని పెట్టిన మోతాదు తెలుగు పాటకు సరిపడాలని లేదు. దీనికి చక్కని పరీక్ష ఉంది. తొలగించినదాన్నే విడిగా వినండి. ఆడాసిటీలో రెసిడ్యూ అన్న మీట దానికే. మిగతా చోట్ల అసలు ట్రాకును తలకిందులు చేసి, శుద్ధి చేసినదానితో కలిపితే తేడా మాత్రమే మిగులుతుంది. ఆ చెత్తబుట్టలో గాలి హోరే వినబడితే మంచిదే. అందులో పాట మాటలు వినబడుతున్నాయంటే మీరు పారేసినది రొద కాదు.

అన్నిటికన్నా సున్నితమైనది శ్రుతి సరిచేసే ప్లగిన్. దీని పుట్టుక కథ ఒమాన్‌లో ఉన్నవారికి ఆసక్తిగా ఉంటుంది. 1997లో ఆటో-ట్యూన్‌ను తయారుచేసిన ఆండీ హిల్డెబ్రాండ్ అంతకుముందు చమురు అన్వేషణ రంగంలో పనిచేసిన శాస్త్రవేత్త. భూమిలోకి పంపిన ధ్వని తరంగాలు పొరల నుంచి తిరిగివచ్చినప్పుడు వాటిని విశ్లేషించే గణితం ఆయన విద్య. ఒక తరంగాన్ని కొంచెం కొంచెంగా జరుపుతూ తనతోనే పోల్చుకుంటూ పోతే, అది ఎంత కాలానికి తనను తాను పోలుతుందో తెలుస్తుంది. ఆ కాలమే గొంతు శ్రుతికి కొలత. మా చుట్టూ ఎడారిలో చమురు వెతికే విద్యకు దగ్గరి బంధువే మా పిల్లల పాటలోని గాంధారాన్ని కూడా వెతుకుతోందన్నమాట.

కొలవడం వరకు దానికి తిరుగులేదు. సరిచేయడంలోనే చిక్కు. ప్లగిన్‌కు తెలిసిన స్వరాలు పియానో మెట్లు, అష్టకానికి పన్నెండు. గొంతు ఏ మెట్టుకు దగ్గరగా ఉంటే అటు లాగుతుంది. గాయకురాలు చెవితో పట్టుకున్న ఆధారషడ్జం రెండు మెట్ల మధ్య ఉంటే ప్లగిన్ ఆవిడను ఒక పక్కకు లాగేస్తుంది. పక్క ట్రాకులోని తంబురా మాత్రం ఉన్నచోటే ఉంటుంది. ఇప్పటివరకు కలిసి ఉన్న ఆ రెంటికీ శ్రుతి చెడగొట్టినది శ్రుతి సరిచేసే ప్లగినే! దీనికి విరుగుడు ఉంది: ప్లగిన్‌లో మూల పౌనఃపున్యాన్ని 440 నుంచి తంబురాకు సరిపడేలా జరపాలి.

గమకానికి ఆ విరుగుడు కూడా చాలదు. తోడి రాగంలోని గాంధారం ఒక చోట నిలబడే స్వరం కాదు. రిషభానికీ మధ్యమానికీ మధ్య ఊగే ఊపే గాంధారం. ప్లగిన్‌కు ఊపు అర్థం కాదు. ప్రతి క్షణానికీ దగ్గరి మెట్టేదో చూసుకుని అక్కడికి దిగుతుంది. సరిచేసే వేగం ఎక్కువగా పెడితే ఉయ్యాల కాస్తా మెట్లెక్కి దిగడమవుతుంది: రి, గ, మ, గ, రి. రాగం స్వరాలు సరిగ్గా ఎంచుకున్నాను గదా అంటే సరిపోదు. మూడు స్వరాలూ ఆ రాగానివే, ఆ మూడింటి మధ్య దారి మాత్రం పోయింది. వేగం తగ్గిస్తే నష్టం తగ్గుతుంది, అయితే అప్పుడు ప్లగిన్ చేసే మేలు కూడా తగ్గుతుంది. సినిమా పాటకూ పాశ్చాత్య బాణీలకూ ఇది బాగానే ఉపయోగపడుతుంది. కర్ణాటక సంగీతానికీ పెద్దవాళ్ళ పాటలకూ దీన్ని మొత్తం ట్రాకు మీద తగిలించకూడదని నా గట్టి అభిప్రాయం. నిజంగా జారిన ఒక దీర్ఘస్వరం ఉంటే ఆ ఒక్కదాన్నీ మెలోడైన్ వంటి పరికరంతో చేత్తో జరుపుకోవచ్చు.

ఇలాంటి ప్లగిన్లు మేలు చేశాయా కీడు చేశాయా అని తేల్చేటప్పుడు ఒక మోసం ఉంది. ప్లగిన్ తగిలించగానే ధ్వని సాధారణంగా కొంచెం పెద్దదవుతుంది. పెద్దగా వినబడేది చెవికి మంచిగా తోస్తుంది. ముందు రెండింటి స్థాయి సమానం చేయండి. తరువాత మీరు కళ్ళు మూసుకుని, మీట మరొకరిని నొక్కమనండి. ఏది ఏదో తెలియకుండా పదిసార్లు వినండి. కొత్త మందును మేం గుడ్డి పరీక్షతో కొలిచేది ఇందుకే. డబ్బు పెట్టి కొన్న ప్లగిన్ విషయంలో మన చెవికి పక్షపాతం మరీ ఎక్కువ.

ప్లగిన్ కాలం చేస్తే

అల్ ఖువైర్‌లో నాకు తెలిసిన ఒక ఇంట్లో గోదావరి జిల్లా నుంచి వచ్చిన పెద్దావిడ చేత పద్నాలుగు పాటలు పాడించి రికార్డు చేశారు. కొన్నేళ్ళకు ఆవిడ ఊళ్ళో పోయారు. సంవత్సరీకానికి ఆ పాటలు వినిపిద్దామని కొత్త కంప్యూటరులో ప్రాజెక్టు తెరిస్తే ఆరు ప్లగిన్లు లేవన్న సందేశం వచ్చింది. పాతవి కొత్త యంత్రంలో పనిచేయవు, రెండింటి తయారీ ఎప్పుడో ఆగిపోయింది. పాటలే పోయాయని ఆ ఇంట్లో అనుకున్నారు. పోలేదు. ప్రాజెక్టు ఫోల్డరులో ఆడియో ఫైళ్ళ సంచీ ఉంటుంది. అందులో మైకు విన్నది విన్నట్టుగా, ఏ ప్లగినూ తాకని రూపంలో భద్రంగా ఉంది. పోయింది మిశ్రమం మాత్రమే. ఏ ట్రాకు ఎంత, ఏ ప్రతిధ్వని ఎంత అన్న లెక్క పోయింది. ఫోల్డరును తుడిచేయక ముందు అది చూడడం వారికి కలిసివచ్చింది.

ప్లగిన్లూ ఆతిథేయులూ మనుషులకన్నా త్వరగా కాలం చేస్తాయి. 2002లో ఆపిల్ ఇమాజిక్ సంస్థను కొని, లాజిక్ విండోస్ రూపాన్ని నిలిపివేసింది. 2015లో కేమెల్ ఆడియోను కొన్నాక వారి ఆల్కెమీ విడిగా దొరకడం మానేసి లాజిక్‌లో భాగమైంది. 2017 నవంబరులో గిబ్సన్ సంస్థ కేక్‌వాక్‌ను ఆపేసింది. కొన్ని నెలలకు బ్యాండ్‌ల్యాబ్ దాన్ని చేరదీసింది. 2023 మార్చిలో వేవ్స్ సంస్థ ఇకపై ప్లగిన్లు చందాకే అని ప్రకటించి, వినియోగదారుల ఆగ్రహం చూసి కొద్ది రోజుల్లోనే వెనక్కి తగ్గింది. మన పాటకు ఆయుష్షు వీళ్ళ వ్యాపార నిర్ణయాల మీద ఆధారపడకూడదు.

ఒమాన్ ప్రభుత్వం 1983లోనే సంప్రదాయ సంగీత కేంద్రాన్ని నెలకొల్పి, తీరం నుంచి కొండల దాకా పాటలనూ ఆటలనూ ధ్వనిగా, చిత్రంగా భద్రపరిచే పని మొదలుపెట్టింది. ఇక్కడి ఫ్లాటుల్లో పాడే మన మంగళహారతుల కోసం అలాంటి కేంద్రమేదీ రాదు. భాండాగారం ఇంటి డిస్కే, అధికారి రికార్డు చేసినవారే.

కనుక పని ముగిసిన రోజే మూడు ప్రతులు తీసి పెట్టుకోవాలి. ప్లగిన్లన్నీ నిలిపేసిన ముడి ట్రాకులు, ప్లగిన్లతో సహా ముద్రించిన ట్రాకులు, చివరి మిశ్రమం. మూడూ వేవ్ ఫైళ్ళుగా, 24 బిట్లలో, అన్ని ట్రాకులూ సున్నా సెకను నుంచే మొదలయ్యేటట్టు తీయాలి. అప్పుడు ఏ కాలంలో ఏ ఆతిథేయిలో పక్కపక్కన పరిచినా అవి వాటంతట అవే కలుస్తాయి. 48,000 వేగంలో అయిదు నిమిషాల ఏకచానెల్ ట్రాకు 43 మెగాబైట్లు. పద్నాలుగు పాటల గొంతు అంతా కలిపి ఒక సినిమా వీడియోకన్నా తక్కువ. దానితో పాటు ఒక సాదా టెక్స్ట్ ఫైలులో పాడినవారి పేరు, ఊరు, తేదీ, శ్రుతి, శాంపిల్ రేటు, వాడిన ప్లగిన్ల పేర్లు, వెర్షన్ల అంకెలు రాసిపెట్టాలి. ప్రాజెక్టు ఫైలును కూడా ఉంచుకోండి, కాని దాన్ని నమ్ముకోకండి. ఆ తరువాత ఈ ప్లగిన్లేవీ లేని మరో కంప్యూటరు మీద, ఇంట్లో పిల్లవాడి బడి ల్యాప్‌టాప్ అయినా సరే, ఆ వేవ్ ఫైళ్ళను ఆడాసిటీలో తెరిచి మొదటి పాట చరణం దాకా విని, నిడివి గడియారంతో సరిచూసుకున్నాకే పాత డిస్కును ఖాళీ చేయాలి.